పాటల్లేని సినిమాల సంగీత దర్శకుడు: జ్దెన్యెక్ లిష్కా

1966 ఏప్రిల్‌లో చెకోస్లొవేకియా సినిమాకు మొదటిసారి ఆస్కార్ వచ్చింది. ఉత్తమ విదేశీ భాషా చిత్రంగా ఎంపికైన ఆ సినిమా పేరు ‘ఒబ్ఖోద్ నా కోర్జె’. తెలుగులో చెప్పాలంటే ‘బజారు వీధిలో కొట్టు’. కథాకాలం 1942, ఊరు నాజీల కనుసన్నల్లో నడిచే స్లొవాక్ రాజ్యంలోని ఒక చిన్న పట్నం. గుండీలు, దారాలు అమ్ముకునే ముసలావిడ యూదురాలు, చెవులు సరిగ్గా వినపడవు. ఆమె కొట్టు మీద ఒక వడ్రంగిని ‘ఆర్య’ పెత్తందారుగా వేస్తుంది ప్రభుత్వం. దర్శకులు యాన్ కాదార్, ఎల్మార్ క్లోస్‌ల పేర్లు లోకమంతా మార్మోగాయి. ముసలావిడగా వేసిన ఇదా కమిన్‌స్కా మరుసటి ఏడాది ఉత్తమ నటి ఆస్కార్‌కి పోటీలో నిలిచింది. సినిమా మొదట్లో బజారులో షికారు తిరిగే జనానికి బ్యాండు మేళం హుషారు తెస్తుంది. చివర్లో ఇద్దరూ పోయాక, కలలాంటి వెలుగులో అదే వీధిలో చేయీ చేయీ పట్టుకుని వెళ్తారు. ఆ రెండు కొసలనూ కలిపి కుట్టింది సంగీతం. దాన్ని కట్టినాయన పేరు మాత్రం ఆ దేశం దాటి ఎవరి చెవినా పడలేదు. ఆయనే జ్దెన్యెక్ లిష్కా.

మన దగ్గర ఇలా జరగడం కష్టం. తెలుగు సినిమా పోస్టర్ మీద హీరో, దర్శకుడి తర్వాత కళ్లకు కనిపించేది సంగీత దర్శకుడి పేరే. కారణం పాటలు. సినిమా కన్నా ముందే పాటలు వస్తాయి, సినిమా పోయినా పాటలు మిగులుతాయి. ఇండస్ట్రీ వాళ్లు ‘ఆర్ఆర్’ అని పిలిచే రీరికార్డింగ్, అంటే సన్నివేశాల వెనక వచ్చే సంగీతం, చాలాసార్లు రిలీజు డేట్ ముంచుకొచ్చాక టెన్షన్‌లో పూర్తయ్యే పని. దాన్ని పట్టించుకునే ప్రేక్షకులు ఈమధ్యే పెరిగారు. లిష్కా జీవితమంతా చేసింది ఈ ఆర్ఆర్ పనే. వందకు పైగా ఫీచర్ సినిమాలకు, లెక్కకు మించిన పొట్టి సినిమాలకు, టీవీ సీరియళ్లకు సంగీతం కట్టాడు. జనం నోళ్లలో ఆడే పాటతో పేరు తెచ్చుకునే అవకాశం ఆ రకం సినిమాల్లో దాదాపు లేదు. కచేరీ హాళ్ల కోసం పెద్ద రచనలు చేసి సంగీత విద్వాంసుల పుస్తకాల్లోకి ఎక్కే దారీ ఆయన పట్టలేదు.

ఆయన పనిని దగ్గరగా చూస్తే తేలేది ఏమిటంటే, మంచి సినిమాల్లో ఆయన స్వరాలు స్క్రీన్‌ప్లే చేయాల్సిన పనిలో సగం చేశాయి. ఎవరిని చూసి జాలిపడాలి, ఎక్కడ అనుమానపడాలి, ఏ రెండు దృశ్యాలను కలిపి అర్థం చేసుకోవాలి అన్నది డైలాగు చెప్పదు, ఆ సంగీతం చెబుతుంది. చెక్ సినిమాకు స్వర్ణయుగమైన 1960లలో ఒకరికొకరు పోలిక లేని దర్శకులు అందరూ ఆయన గుమ్మమే తొక్కడం వెనక ఉన్న కారణం ఇదే అనిపిస్తుంది.

లిష్కా 1922 మార్చి 16న ప్రాగ్‌కు వాయవ్యాన, క్లాద్నో దగ్గరున్న స్మెచ్నో అనే చిన్న ఊళ్లో పుట్టాడు. తాత, తండ్రి ఇద్దరూ ఊరి బ్యాండు నడిపినవాళ్లు. పెళ్లికీ చావుకీ ఊరేగింపుకీ వాయించే ఇంట్లో పెరిగిన పిల్లవాడికి వాయిద్యాలు ఎవరూ ప్రత్యేకంగా పరిచయం చేయనక్కర్లేదు. చిన్నప్పుడే అకార్డియన్, వయొలిన్ పట్టాడు. ప్రాగ్ కన్సర్వేటరీలో స్వరరచన నేర్పిన గురువుల్లో రుదోల్ఫ్ కారెల్ ఒకరు. ఆయన ప్రసిద్ధ చెక్ స్వరకర్త ద్వోర్జాక్‌కి ఆఖరి శిష్యుల్లో ఒకరు. నాజీ వ్యతిరేక ఉద్యమంలో ఉన్నందుకు కారెల్‌ను అరెస్టు చేశారు. జైల్లో టాయిలెట్ కాగితాల మీద స్వరాలు రాసుకున్న ఆ పెద్దాయన 1945 మార్చిలో నాజీల నిర్బంధ కేంద్రం తెరెజీన్‌లో చనిపోయాడు. శిష్యుడు 1944లోనే చదువు ముగించుకుని, స్లానీలో ఔత్సాహిక ఆర్కెస్ట్రా నడుపుతూ, హుంపొలెత్స్‌లో సంగీతం పాఠాలు చెబుతూ కొన్నాళ్లు గడిపాడు. పల్లెటూరి బ్యాండు, గొప్ప గురువు నేర్పిన శాస్త్రం, ఈ రెండూ ఆయన సంగీతంలో కడదాకా పక్కపక్కనే నడిచాయి. బజారు వీధి సినిమాలో వినిపించే బ్యాండు మేళం ఆయనకు పుస్తకాల్లో దొరికింది కాదు.

యుద్ధం అయిపోగానే జ్లీన్ వెళ్లాడు. ఈ ఊరి పేరు మనవాళ్లకు తెలియకపోవచ్చు గానీ, ఊరు పుట్టించిన పేరు ప్రతి ఇంటి గుమ్మం దగ్గరా ఉంటుంది. బాటా చెప్పులు పుట్టింది అక్కడే. బాటా కంపెనీ 1930లలో తన ప్రకటనల కోసం ఆ ఊరి శివారు కొండ మీద సొంతంగా ఒక స్టూడియో కట్టుకుంది. ఆ ప్రకటనల సినిమాల విభాగాన్ని నడిపినవాళ్లలో ముఖ్యుడు ఎల్మార్ క్లోస్, తర్వాత ఆస్కార్ అందుకున్నది ఆయనే. 1945 ఆగస్టులో దేశంలో సినిమా పరిశ్రమ మొత్తాన్ని జాతీయం చేశారు. చెప్పుల కంపెనీ స్టూడియో ప్రభుత్వ స్టూడియో అయింది, బొమ్మల సినిమాలకు కేంద్రమైంది. బొమ్మల సినిమాల దర్శకులు కారెల్ జెమన్, హెర్మీనా తిర్లోవా అక్కడ పనిచేశారు.

బొమ్మల సినిమా సంగీత దర్శకుడికి కఠినమైన బడి. నటుడి ముఖం ఉండదు, గొంతు ఉండదు. బొమ్మ చెయ్యి ఎత్తితే అది కోపమా, భయమా, బద్ధకమా అన్నది సంగీతమే తేల్చాలి. పైగా నిడివి సెకన్లలో కాదు, ఫ్రేముల్లో లెక్క. జెమన్ 1949లో తీసిన ‘ఇన్‌స్పిరాత్సె’లో నటులు గాజు బొమ్మలు. మెత్తగా వంచడానికి లొంగని గాజును ఒక్కో ఫ్రేముకూ కదిలించి తీసిన ఆ పొట్టి సినిమాలో మాటలే లేవు. కథ నడిపే బాధ్యత లిష్కా మీదే పడింది. కొలత తప్పకుండా రాసే అలవాటు, మాట సాయం లేకుండా పాత్రకు ప్రాణం పోసే నేర్పు జ్లీన్‌లోనే అబ్బాయి.

ఆ అనుభవం పెద్ద తెరకు పనికొచ్చింది 1958లో. జూల్ వెర్న్ కథ ఆధారంగా జెమన్ తీసిన ‘వినాలెజ్ స్కాజి’ ఆ ఏడు బ్రస్సెల్స్ ప్రపంచ ప్రదర్శనలో భాగంగా జరిగిన చిత్రోత్సవంలో అగ్ర బహుమతి గెలిచింది. వెర్న్ పుస్తకాల్లో ఉండే పాత చెక్కుడు బొమ్మలు లేచి కదిలినట్టు ఉంటుంది ఆ సినిమా. సముద్రం మీద, ఆకాశం మీద, నటుల బట్టల మీద కూడా సన్నని గీతలే. ఇలాంటి కృత్రిమ లోకానికి పెద్ద ఆర్కెస్ట్రాతో ఉప్పొంగే సంగీతం పెడితే గీతల బొమ్మ చిరిగిపోతుంది. లిష్కా తాళం చెవి తిప్పితే మోగే పెట్టెలాంటి సన్నని, యాంత్రికమైన ధ్వనులు తీసుకున్నాడు. చూసేవాడు ఇది బొమ్మల పుస్తకమని మరిచిపోడు, అయినా కథలోకి దిగిపోతాడు. నాలుగేళ్ల తర్వాత అదే దర్శకుడి ‘బారోన్ ప్రాషిల్’కి, అబద్ధాల గొప్పలకు పేరుబడ్డ బారన్ కథకు, సంగీతం మళ్లీ ఆయనదే.

ఇక ఇక్కడ ఒక స్క్రీన్‌ప్లే రచయిత గురించి చెప్పుకోవాలి. పావెల్ యురాచెక్ 1935లో పుట్టాడు. పోలిష్ రచయిత స్తానిస్వావ్ లెమ్ నవల ఆధారంగా దర్శకుడు యిన్‌ద్రిఖ్ పొలాక్‌తో కలిసి 1963 నాటి ‘ఇకారియే ఎక్స్‌బీ-1’ రాశాడు. 2163లో నలభైమంది ఆల్ఫా సెంటారీ వైపు వెళ్తుంటారు. దారిలో ఇరవయ్యో శతాబ్దపు ఓడ ఒకటి దిక్కులేకుండా తేలుతూ కనిపిస్తుంది. లోపల శవాలు, విషవాయువు, అణ్వాయుధాలు. ఆ శతాబ్దపు మనుషుల మీద అసహ్యంతో మాట్లాడుకున్న తర్వాత, ఒకడు పియానో మీద ఇరవయ్యో శతాబ్దపు స్వరకర్త ఒనెగర్ స్వరాలు వాయించి, ఈయనా ఆ శతాబ్దం వాడే కదా అని గుర్తు చేస్తాడు. సంగీతాన్ని సాక్షిగా నిలబెట్టి వాదించిన సన్నివేశం అది. రెండో ప్రపంచ యుద్ధం ఇంకా పచ్చిగా ఉన్న దేశంలో రాసింది.

ఆ సినిమాలో లిష్కా ఆర్కెస్ట్రా పక్కనే ఎలక్ట్రానిక్ ధ్వనులు వాడాడు. చెకోస్లొవేకియాలో రేడియో వాళ్ల ప్రయోగశాలలు బ్రాతిస్లావాలో 1965లో, ప్లజెన్‌లో 1967లో మొదలయ్యాయి. అంతకు ముందే సినిమా స్టూడియోలో టేపును సాగదీసి, వెనక్కి తిప్పి, మార్చి ఈయన ఆ పని చేస్తున్నాడు. అంతరిక్ష సినిమా అనగానే కీచుమనే ధ్వనులు పెట్టేయడం తేలిక, హాలీవుడ్ అప్పటికే చేసింది. ఇక్కడ ఓడ హోరు ఎక్కడ ఆగి సంగీతం ఎక్కడ మొదలైందో చెప్పలేం. సిబ్బంది పార్టీ చేసుకుని నాట్యం చేసే ఘట్టంలో రెండు శతాబ్దాల తర్వాతి డాన్సు పాట ఎలా ఉండాలన్న చిక్కుప్రశ్న వచ్చింది. లిష్కా ఇచ్చిన జవాబు కాళ్లకు తెలిసిన తాళం, చెవికి తెలియని రంగు. అమెరికాలో ఈ సినిమాను కోసి, డబ్ చేసి, ముగింపు మార్చి విడుదల చేశారు. అసలు రూపం బాగుచేసిన ప్రతిగా 2016లో కాన్ ఉత్సవంలో పాత ఆణిముత్యాల విభాగంలో చూపించారు.

సంగీతమే స్క్రీన్‌ప్లే అయిపోయిన ఉదాహరణ కావాలంటే యాన్ ష్వాంక్‌మాయర్ 1967లో తీసిన ‘హిస్టోరియా నాతురే’ చూడాలి. పది నిమిషాలు కూడా ఉండదు. పదహారో శతాబ్దం చివర్లో ప్రాగ్‌ను ఏలి, లోకంలోని వింతలన్నీ పోగేసిన చక్రవర్తి రెండో రుదోల్ఫ్‌కి అంకితం. ఎనిమిది భాగాలు, ఒక్కోదానికి ఒక జీవజాతి, ఒక నాట్యం. గవ్వలు, నత్తల్లాంటి నీటి జీవులకు ఫాక్స్‌ట్రాట్. పురుగులకు బొలేరో. చేపలకు బ్లూస్. పాములు, బల్లులకు తరంతెల్లా. పక్షులకు టాంగో. పాలిచ్చే జంతువులకు రాజసభల మినుయెట్. కోతులకు పోల్కా. ఆఖరున మనిషికి వాల్ట్జ్.

ఈ జాబితాలోనే హాస్యం ఉంది. కోతులకు చెక్ ఊరి పోల్కా ఇవ్వడం సొంత జనాన్ని గిల్లడమే. అస్థిపంజరాలు, పాత చెక్కుడు బొమ్మలు, సీసాల్లో పెట్టిన నమూనాలు, బతికున్న జంతువులు తెర మీద టకటకా మారిపోతుంటాయి. ఆ కోతలన్నీ నాట్యపు తాళానికి కట్టినవే. మాట ఒక్కటీ లేదు. ఒక్కో భాగం అయ్యాక మనిషి నోరు దగ్గరగా కనిపిస్తుంది, ఒక మాంసం ముక్క లోపలికి పోతుంది, నములుతుంది. ఆఖరి భాగమైన మనిషి వాల్ట్జ్ తర్వాత అదే ముక్క నమిలేది పుర్రె. శాస్త్రం పేరుతో జీవులను వరసలో పేర్చడం, వాటిని తినడం ఒకటేనని చెప్పడానికి ఈ సినిమాకు వ్యాఖ్యాత గొంతు అక్కర్లేదు. ఒక్కో నాట్యం ఎంతసేపు సాగుతుందో ఒక్కో జాతి చరిత్రా అంతే. కాగితం మీద దీని స్క్రిప్టు రాయాలంటే రాగాల పేర్లు రాస్తే సరిపోతుంది.

ష్వాంక్‌మాయర్, యురాయ్ హెర్ట్స్ ఇద్దరూ ఒకే రోజు, 1934 సెప్టెంబర్ 4న పుట్టారు, ప్రాగ్‌లో తోలుబొమ్మల నాటకం కలిసే చదివారు. ఇద్దరికీ సంగీతం ఇచ్చింది లిష్కాయే. హెర్ట్స్ తీసిన ‘స్పలోవాచ్ మృత్వొల్’, అంటే ‘శవాలు కాల్చేవాడు’, 1969లో విడుదలైంది. కథ లాదిస్లావ్ ఫుక్స్ నవల. 1930ల చివరి ప్రాగ్‌లో శవదహనశాల ఉద్యోగి కొప్ఫ్ర్‌కింగ్ల్. మర్యాదస్తుడు, భార్యాపిల్లలంటే ప్రాణం, టిబెట్ మృతుల గ్రంథం చదువుతాడు, దహనం ఆత్మకు విముక్తి అని నమ్ముతాడు. నాజీలు వస్తారు. భార్యలో యూదు రక్తం ఉందని తెలుస్తుంది. ఆ మెత్తని గొంతుతోనే, ఆ మర్యాదతోనే ఆయన సొంతవాళ్లను చంపడానికి సిద్ధమవుతాడు.

మామూలు హారర్ సినిమా అయితే భయపెట్టే తీగలు వాయించేవారు. లిష్కా ఒక తియ్యని, నెమ్మది వాల్ట్జ్ రాశాడు. పైన మాటల్లేకుండా తేలే ఆడగొంతు. వింటే పెళ్లిరోజు జ్ఞాపకంలా ఉంటుంది. ఈ సంగీతం ప్రేక్షకుడిది కాదని, కొప్ఫ్ర్‌కింగ్ల్ తలలో వినిపించేదని కాసేపటికి తెలుస్తుంది. ఆయన తనను తాను ఇంత అందంగా వింటున్నాడు. అందుకే చేతులకు రక్తం అంటుతున్నట్టు ఆయనకు అనిపించదు. చేసేది దయ అన్న భావం పాత్ర డైలాగుల్లో ఉంది, కానీ దాన్ని నమ్మించేది స్వరమే. చూసేవాడికి ఒళ్లు జలదరించేది కూడా అందుకే, ఆ రాగం మనకూ నచ్చుతుంది. హత్యకు ముందూ వెనకా సంగీతం మారదు. మారి ఉంటే, దర్శకుడు మన పక్షాన నిలబడి ‘చూశారా, ఎంత ఘోరమో’ అన్నట్టయ్యేది. ఈ సినిమా ఆ ఊరట ఇవ్వదు.

స్టానిస్లావ్ మిలోటా కెమెరా పని గురించి ఎంత రాసినా తక్కువే. ముఖం మీద మొదలైన మాట ఇంకో చోట, ఇంకో రోజు ముగుస్తుంది, మధ్యలో కోత తెలియదు. ఆ జారుడుకు కందెన వేసింది కూడా ఈ వాల్ట్జే.

దర్శకుడు ఫ్రాంటిషెక్ వ్లాచిల్‌తో లిష్కా బంధం ఇంకా పాతది. 1960 నాటి ‘హొలుబిత్సె’ నుంచే కలిసి పనిచేశారు. 1967లో వచ్చిన ‘మార్కెతా లాజరోవా’ వాళ్ల పనిలో శిఖరం. నాజీలు 1942లో కాల్చి చంపిన వ్లాదిస్లావ్ వాన్‌చురా 1931లో రాసిన నవల దానికి ఆధారం. మధ్యయుగం, మంచు, దారిదోపిడీలు చేసే తెగలు, కన్యామఠంలో చేరాల్సిన అమ్మాయిని ఎత్తుకుపోయిన దొంగ. రెండున్నర గంటలు దాటిన సినిమా. కథ వరసగా చెప్పదు, ఎవరి కలలో ఉన్నామో ఒక్కోసారి అంతుబట్టదు. 1998లో చెక్ విమర్శకులు, సినీ పాత్రికేయులు ఓటేసి దీన్ని తమ దేశపు అత్యుత్తమ చిత్రంగా ఎన్నుకున్నారు. అలాగని మొదటిసారి చూసినప్పుడు దారి తప్పనివారు అరుదు.

దారి తప్పినవాడికి చేయందించేది గాయకబృందమే. ఒకపక్క చర్చిలో వినిపించే తరహా స్తోత్రాలు, ఇంకోపక్క డప్పులు, గంటలు, మనిషి గొంతును వాయిద్యంలా కొట్టినట్టు వాడిన అరుపులు. క్రైస్తవం ఇంకా పైపూతగానే ఉన్న కాలం అది, లోపల పాత దేవుళ్లు చావలేదు. ఈ సంగతి ఏ పాత్రా చెప్పదు. రెండు రకాల గానం ఒకదాన్నొకటి తోసుకుంటుంటే చెవికి తెలిసిపోతుంది. పదమూడో శతాబ్దపు వాయిద్యాలను వెతికి తెచ్చి అచ్చం అప్పటిలాగే వాయించాలన్న పట్టింపు లిష్కాకు లేదు. చెవికి పాతదిగా తోచాలి, అంతే. చరిత్రకారులకు ఇది నచ్చకపోవచ్చు గానీ సినిమాకు అదే మేలు చేసింది. ఆ తర్వాత ఏడాది వచ్చిన ‘ఊదొలీ వ్చెల్’లో ఇదే పద్ధతి మరింత పొదుపుగా కనిపిస్తుంది. మధ్యయుగపు క్రైస్తవ సన్యాసి సైనికులైన ట్యుటానిక్ యోధుల కఠిన వ్రతం కథ అది, సంగీతం కూడా ఒంటిపూట భోజనం చేసినట్టే ఉంటుంది.

ఇంత రకరకాల పని సాధ్యపడటానికి ఒక వ్యవస్థ ఉంది. జాతీయం చేసిన పరిశ్రమకు సొంత సింఫనీ ఆర్కెస్ట్రా ‘ఫిసియో’ ఉండేది. ఫ్రాంటిషెక్ బెల్ఫీన్ దాన్ని నడిపించి లిష్కా స్వరాలను ఎన్నో రికార్డు చేశాడు. వాయించేవాళ్లు నెల జీతగాళ్లు, సినిమా తాళం వాళ్లకు కరతలామలకం. నిర్మాత జేబు చూసి వయొలిన్లు తగ్గించాల్సిన గతి పట్టలేదు. ఎనిమిది నిమిషాల బొమ్మల సినిమాకైనా, రెండున్నర గంటల చారిత్రక సినిమాకైనా తలుపు తట్టాల్సింది ఒకే ఆర్కెస్ట్రా. రాజ్యం ఇచ్చిన సౌకర్యం అది. రాజ్యం అడిగే వెల తర్వాత తెలిసింది.

1968 ఆగస్టు 21న సోవియట్ ట్యాంకులు ప్రాగ్‌లోకి వచ్చాయి. ఆ తర్వాత నాలుగేళ్లలో స్వర్ణయుగం చెల్లాచెదురైంది. కాదార్ అమెరికా వెళ్లిపోయాడు. క్లోస్‌కి చాలా ఏళ్లు దర్శకత్వం దక్కలేదు. ‘స్పలోవాచ్ మృత్వొల్’ థియేటర్ల నుంచి మాయమై 1989 దాకా అల్మరాలోనే ఉంది. వ్లాచిల్ కొన్నేళ్లు పెద్ద సినిమాకు దూరమయ్యాడు. అందరికన్నా గట్టి దెబ్బ తగిలింది రాసేవాళ్లకు. యురాచెక్ మానవ హక్కుల కోసం ప్రభుత్వాన్ని నిలదీసిన ‘చార్టర్ 77’ ప్రకటన మీద సంతకం పెట్టి, కొన్నాళ్లు జర్మనీలో ప్రవాసం ఉండి వచ్చి, కమ్యూనిస్టు పాలనను దించిన వెల్వెట్ విప్లవం జరిగిన ఏడాదే, 1989లో, చనిపోయాడు. దర్శకురాలు వ్యెరా ఖితిలోవాతో కలిసి ‘ఒవోత్సె స్త్రొమూ రాయ్‌స్కీఖ్ యీమె’ రాసిన ఎస్తెర్ క్రుంబఖోవాకు సినిమా పని దాదాపు నిలిచిపోయింది. ఆ సినిమా ఆరంభంలో ఆదాము, హవ్వల మీద లిష్కా రాసిన గానం ఒక్కటి చాలు, ఆయన స్థాయి తెలియడానికి. ఆ సినిమా తెరకెక్కింది 1970లో, ద్వారాలు మూసుకుపోతున్న వేళ.

సంగీత దర్శకుడికి మాత్రం చేతినిండా పనే. స్వరం మీద ఎర్ర సిరా గీత గీయడం సెన్సార్‌కి కష్టం, ఫలానా మాట తీసెయ్ అనడానికి అందులో మాటలుండవు. మాట రాసినవాడు దొరికిపోతాడు, స్వరం రాసినవాడు తప్పించుకుంటాడు. తప్పించుకున్నందుకు కట్టిన మూల్యం ‘మేజర్ జెమన్ ముప్పై కేసులు’. 1970ల రెండో సగంలో మొదలైన ఈ టీవీ సీరియల్‌ను హోంశాఖ అండతో యిర్జీ సెక్వెన్స్ తీశాడు. 1945 నుంచి ఒక్కో ఏడాదికి ఒక్కో కేసు చొప్పున, పోలీసు అధికారి కళ్లతో దేశ చరిత్రను పార్టీకి నచ్చినట్టు తిరగరాసిన సీరియల్ అది. ఒక భాగంలో రాక్ బ్యాండు కుర్రాళ్లను విమానం హైజాక్ చేసే నేరగాళ్లుగా చూపించారు. నిజంగా ఆ రోజుల్లో రాక్ సంగీతకారులను జైల్లో పెడుతున్న ప్రభుత్వం చూపించుకున్న సమర్థన ఇది. దాని టైటిల్ సంగీతం లిష్కాది.

చిక్కేమిటంటే, ఆ టైటిల్ సంగీతం బాగుంటుంది. చెక్ దేశంలో ఒక తరానికి లిష్కా అంటే ‘మార్కెతా’ కాదు, టీవీలో మోగిన ఆ ట్యూన్. 1999లో చెక్ టెలివిజన్ సీరియల్‌ను మళ్లీ వేసినప్పుడు పెద్ద గొడవ జరిగింది, ప్రతి భాగానికీ చర్చా కార్యక్రమాలు జోడించాల్సి వచ్చింది. అంతకు ముందు 1968-69లో ఇదే సెక్వెన్స్ తీసిన ‘ప్రాగ్ నగరపు పాపులు’కి కూడా సంగీతం ఆయనదే. 1920ల నాటి పోలీసు కథలు, పదమూడు భాగాలు, రాజకీయపు కంపు లేనిది. దాన్ని ఇప్పటికీ జనం ఇష్టంగా చూస్తారు. అబద్ధాన్ని కూడా అంతే శ్రద్ధగా అందంగా వినిపించిన మనిషిని ఎలా తూచాలి? కొప్ఫ్ర్‌కింగ్ల్ వాల్ట్జ్ రాసినాయనకు ఆ శక్తి ఏం చేయగలదో తెలియదనుకోలేం. పని వస్తే చేసే వృత్తికారుడు అని సరిపెట్టుకోవడం ఒక పద్ధతి. కానీ వృత్తి అన్నమాట ఇక్కడ చాలా భారం మోస్తోంది.

1970లలోనూ మంచి పని ఆగలేదు. వ్లాచిల్ మళ్లీ తీసిన ‘దీమ్ బ్రంబొరొవే నత్యె’, కారెల్ కఖిన్యా 1976లో తీసిన ‘చిన్న జలకన్య’ రెండూ ఆయనవే. జలకన్య సంగీతంలో నీటి అడుగు లోకానికీ ఒడ్డు లోకానికీ మధ్య గీత ధ్వనిలోనే ఉంటుంది. కానీ ఇంత విరివిగా రాసినవాడి దగ్గర అన్నీ మేలిమి ఉండవు. పోలీసు సినిమాల్లో, మామూలు కాలక్షేపపు చిత్రాల్లో అలవాటైన చేతివాటం కనిపిస్తుంది. గొంతును గాలిలో తేల్చడం, గంట మోగించడం, వెంటనే నిశ్శబ్దం. ‘స్పలోవాచ్’లో గుండె ఆపేసిన పద్ధతే ఇంకో చోట పొడి చిట్కాలా తోస్తుంది.

లిష్కా 1983 ఆగస్టు 13న ప్రాగ్‌లో కన్నుమూశాడు. వయసు 61. మరుసటి ఏడాదే, లండన్‌లో ఉండే అమెరికన్ కవల సోదరులు క్వే బ్రదర్స్ ష్వాంక్‌మాయర్‌కి నివాళిగా ఒక బొమ్మల సినిమా తీశారు. దానికి కొత్త సంగీతం రాయించుకోలేదు, లిష్కా పాత స్వరాలే వాడుకున్నారు. పడమటి దేశాల్లో చాలామంది ఆయన సంగీతాన్ని మొదట విన్నది అందులోనే, ఎవరిదో తెలియకుండా. 2010 తర్వాత బ్రిటన్‌లోని ఫైండర్స్ కీపర్స్ అనే చిన్న రికార్డు కంపెనీ ‘చిన్న జలకన్య’ వంటివి డిస్కులుగా తెచ్చింది. పాత సినిమా సంగీతం సేకరించే కుర్రకారు ఆయన్ని కనిపెట్టారు.

ఆయన పని ఏమిటో ఒక్క చోట తేల్చుకోవాలంటే సెన్సార్ వాళ్లు తెలియక చేసిపెట్టిన ప్రయోగం ఒకటుంది. కుత్నా హోరా శివారులోని సెద్‌లెత్స్‌లో వేల మంది ఎముకలతో అలంకరించిన చర్చి ఉంది. 1870లో ఫ్రాంటిషెక్ రింట్ అనే చెక్కపని కళాకారుడు ఎముకలతో షాండ్లియర్, ష్వార్జెన్‌బర్గ్ వంశపు చిహ్నం చేశాడు. నూరేళ్ల సందర్భంగా ష్వాంక్‌మాయర్ 1970లో పది నిమిషాల ‘కొస్త్‌నిత్సె’ తీశాడు. సౌండ్ ట్రాక్‌గా అక్కడి గైడ్ స్కూలు పిల్లలకు చెప్పే మాటలను పెట్టాడు. ఎముకల లెక్కలు, ముట్టుకుంటే జరిమానా అనే హెచ్చరికలు. కెమెరా పుర్రెల కళ్లలోకి దూసుకుపోతుంటే ఆమె గొంతు ఆఫీసు గుమాస్తాలా లెక్కలు చదువుతుంటుంది. పైవాళ్లకు అది నచ్చలేదు, మాటలు తీసేయమన్నారు. ఆ స్థానంలో లిష్కా జాజ్ పద్ధతిలో ఒక పాట కట్టాడు. ఫ్రెంచ్ కవి జాక్ ప్రెవేర్ కవిత, పిట్ట బొమ్మ గీయాలంటే ముందు తలుపు తెరిచిన పంజరం గీయాలని చెప్పే కవిత.

బొమ్మ ఒకటే, కోతలు అవే. గైడ్ గొంతుతో చూస్తే అది చావును కూడా రూల్సుల్లో ఇరికించిన సమాజం మీద వెటకారం. పాటతో చూస్తే కెమెరా హడావిడి నాట్యంలా మారిపోతుంది, ఎముకల గూళ్లు పంజరాల్లా కనిపిస్తాయి. వెటకారం పోదు, దిశ మారుతుంది. గైడ్ మాటలున్న ప్రతే దర్శకుడు కోరుకున్నది, వాదనకు పదునుగా ఉండేదీ అదే. మళ్లీ మళ్లీ చూడాలనిపించేది మాత్రం రెండోది. రెండు ప్రతులూ ఇప్పుడు దొరుకుతున్నాయి, కలిపి ఇరవై నిమిషాలు. ముందు గైడ్ ప్రతి చూసి తర్వాత పాట ప్రతి చూస్తే తేడా బాగా తెలుస్తుంది.